దానం కాదు, తలా ఒక డాలరు

మైకేల్ మెక్‌గివ్నీ కాథలిక్ చర్చిలో ఫాదర్ (మతగురువు) కావడానికి మాంట్రియల్‌లో చదువుతుండగా 1873లో తండ్రి పోయారు. ఇనుము పోతపోసే కార్మికుడాయన. పెద్దకొడుకు చదువు ఆపి ఇంటికి రాక తప్పలేదు. ఇంటిపెద్ద పోతే ఆ ఇల్లు ఏమవుతుందో మెక్‌గివ్నీ పుస్తకాల్లో చదివి తెలుసుకోలేదు.

ఆయన పెట్టిన కాథలిక్ పురుషుల సంఘం ‘నైట్స్ ఆఫ్ కొలంబస్’ను అందరూ సేవాసంస్థ అంటారు. నా లెక్కలో అది మొదట బీమా సంఘం, తర్వాతే సేవ. అందులో తక్కువతనమేమీ లేదు. 1881 అక్టోబరు 2న అమెరికాలోని న్యూ హేవెన్‌లో, సెయింట్ మేరీ చర్చి బేస్‌మెంట్‌లో మెక్‌గివ్నీ కొంతమందిని కూర్చోబెట్టారు. ఎక్కువగా ఐరిష్ వలస కుటుంబాలవాళ్లు. మరుసటి ఏడాది మార్చి 29న సంఘానికి ప్రభుత్వ గుర్తింపు వచ్చింది. పద్ధతి మన చీటీపాటంత తేలిక: సభ్యుడు పోతే మిగతావాళ్లు తలా ఒక డాలరు వేస్తారు, అది అతని భార్యాపిల్లలకు చేరుతుంది. భర్త కట్టిన సొమ్ముకు బదులుగా వచ్చేది కాబట్టి ఆ వితంతువు ఎవరి ముందూ చెయ్యి చాచక్కర్లేదు. పైగా అప్పట్లో ఇలాంటి ఆసరా ఇచ్చే రహస్య సంఘాల్లో చేరడాన్ని చర్చి ఒప్పుకునేది కాదు. ఆ ఖాళీని ఈ సంఘం పూరించింది.

పేరులో కొలంబస్ ఎందుకు? కాథలిక్కులు పోపు మాట వింటారు, దేశానికి నమ్మకస్తులు కారు అన్న అనుమానం బలంగా ఉన్న రోజులవి. ‘ఈ ఖండానికి దారి చూపినవాడే కాథలిక్కు’ అన్నది వాళ్ల జవాబు. తెలివైన ఎత్తే. కానీ ఆ నేలపై ముందునుంచీ ఉన్నవాళ్లు ఆ జవాబులో ఎక్కడా లేరు.

1920లలో పిల్లలంతా ప్రభుత్వ బడులకే వెళ్లాలని, అంటే కాథలిక్ బడులకు వెళ్లకూడదని, ఆరెగాన్ రాష్ట్రం చట్టం చేస్తే, కాథలిక్కులన్నా పడని తెల్లజాతి ఆధిపత్యవాద సంఘం కూ క్లక్స్ క్లాన్ దానికి మద్దతిచ్చింది. చట్టంపై కోర్టు పోరాటానికి నైట్స్ డబ్బిచ్చారు. 1925లో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. అప్పుడు వాళ్లు బెదిరింపులు ఎదుర్కొంటున్న మైనారిటీ. 2008లో కాలిఫోర్నియాలో స్వలింగ వివాహాల నిషేధ ప్రచారానికి 10 లక్షల డాలర్లకు పైగా ఇచ్చినప్పుడు మాత్రం, మరో మైనారిటీ హక్కుకు అడ్డంగా నిలబడ్డారు. ఇప్పుడు సంఘం నడిపే బీమా విలువ 10 వేల కోట్ల డాలర్లు దాటింది. అంత డబ్బున్న సంఘం రాజకీయాలకు దూరంగా ఉంటుందనుకోవడం అమాయకత్వం.

మెక్‌గివ్నీ ఇదేదీ చూడలేదు. 1890లో, 38 ఏళ్లకే న్యుమోనియాతో పోయారు. 2020 అక్టోబరు 31న చర్చి ఆయన్ను ధన్యుడిగా (పునీతుడి హోదాకు ముందు మెట్టు) ప్రకటించింది. అదే ఏడాది జూన్‌లో, న్యూ హేవెన్‌లోని కొలంబస్ విగ్రహాన్ని క్రేన్‌తో దించేశారు.