తాలూకా పోయింది, దివిసీమ ఉంది

అవనిగడ్డలో బస్సు దిగి తహసీల్దారు కార్యాలయం ఎటని అడగండి. ‘ఎమ్మార్వో ఆఫీసేనా?’ అని ఎదురు ప్రశ్న వస్తుంది. ఎమ్మార్వో పేరు తీసేసి మళ్లీ తహసీల్దారు అని పెట్టి చాలా ఏళ్లయింది. బోర్డు మారింది గానీ జనం నోట్లో మాట మారలేదు. ఇంకాస్త పెద్దవాళ్లయితే ఊరి పేరు చెప్పి, పక్కనే ‘దివి తాలూకా’ అని తగిలిస్తారు. ఆ తాలూకా ప్రభుత్వ కాగితాల్లోంచి వెళ్లిపోయింది 1985లో. పాత పేరు ఇంకా పలకడం వట్టి అలవాటు కాదని నా అనుమానం. తాలూకాను తీసేసినప్పుడు దాంతోపాటు పనికొచ్చేది ఒకటి మనం పారేసుకున్నాం.

పులిగడ్డ దగ్గర కృష్ణ రెండు పాయలవుతుంది. ఆ పాయల మధ్య, కింద సముద్రం దాకా ఉన్న నేలే అసలు దివి. అవనిగడ్డ, నాగాయలంక, కోడూరు మండలాలు అక్కడివే. పాయకు ఇవతల చల్లపల్లి, మోపిదేవి, ఘంటసాల వైపు నేల కూడా పాత తాలూకాలోదే. ఘంటసాల బౌద్ధ స్తూపం, శ్రీకాకుళాంధ్ర మహావిష్ణువు గుడి, ఆఖరికి కూచిపూడి కూడా దివి తాలూకా లెక్కలోనే ఉండేవి. బందరు రేవు పక్కనే ఉండటంతో ఈ లంక మీద తెల్లవాళ్ల కన్ను ముందే పడింది. 1717లో మొగలు చక్రవర్తి ఫరూక్‌సియర్ ఇంగ్లీషు కంపెనీకి ఇచ్చిన ఫర్మానాలో దివి పేరుంది. తర్వాత కొన్నేళ్లు అది ఫ్రెంచివాళ్ల చేతిలో ఉంది. 1759లో కంపెనీ సేనాని ఫోర్డ్ బందరు కోట పట్టుకున్నాక ఆ కథ ముగిసింది.

నీళ్ల సంగతి చూడండి. బెజవాడ ఆనకట్ట 1855కే పూర్తయింది. కాలవలు డెల్టా అంతా పారాయి. దివికి మాత్రం పాయ అడ్డం. అందుకే ఇరవయ్యో శతాబ్దం మొదట్లో ఇంజన్లు పెట్టి నదిలో నీళ్లు తోడే పథకం ఒకటి ప్రత్యేకంగా దివి కోసమే పెట్టారు. ఆ తర్వాత పులిగడ్డ అక్విడెక్టు వచ్చింది, కాలవ ఏటి మీదుగా దాటి లంకలోకి దిగింది. అంటే ఈ నేలను ఒక ముక్కగా చూడక తప్పదని ఇంజనీర్లకు ముందే తెలుసు. రెవెన్యూవాళ్లూ అలాగే గీశారు. ఒక తాలూకా, ఒక తహసీల్దారు, కింద కొన్ని ఊళ్లకో ఫిర్కా, ఊరికో కరణం, మునసబు.

ఆ రోజులు బంగారమని చెప్పడం లేదు. లెక్కలన్నీ కరణం ఇంటి అటక మీద, పెత్తనమంతా అతని నోటి మీద. పాలేరుకూ కౌలురైతుకూ తహసీల్దారు కచేరీ అంటే ఒక రోజు కూలి పోయినట్టే. పని అయ్యేది కూడా ఒక్క రోజులో కాదు.

తాలూకా ఎంత దూరంగా ఉందో 1977 నవంబరు 19న తేలింది. శనివారం. ఆ సాయంత్రం ఉప్పెన వచ్చి సొర్లగొంది లాంటి ఊళ్లను ఊడ్చుకుపోయింది. చనిపోయినవాళ్లు అధికారిక లెక్కలోనే దాదాపు 10 వేలు, అంతకన్నా చాలా ఎక్కువని అక్కడివాళ్లు అంటారు. తుపాను వస్తోందని రేడియోలో చెప్పారు. కానీ ఎక్కడికి వెళ్లాలి? తలదాచుకునే పక్కా భవనాలు లేవు, రోడ్లు లేవు, ఊరూరూ తిరిగి జనాన్ని కదిలించే మనిషి లేడు. తాలూకా కచేరీకే బయటి ప్రపంచంతో సంబంధం తెగిపోయింది. 1864లో ఇదే తీరాన బందరు మునిగి 30 వేల మంది పోయారని అంచనా. నూట పదమూడేళ్లలో పాలన నేర్చుకున్నది ఇంతేనా అనిపిస్తుంది.

ఎన్టీఆర్ ప్రభుత్వం 1984లో కరణం, మునసబు వ్యవస్థను రద్దు చేసింది, మరుసటి ఏడాది తాలూకాలు పోయి మండలాలొచ్చాయి. దీన్ని రాజకీయ ఎత్తుగడగా మాత్రమే చూసేవాళ్లున్నారు. దివిసీమకు మాత్రం అది ప్రాణం నిలిపింది. 1990 మేలో దాదాపు అంతే భయంకరమైన తుపాను కృష్ణా ముఖద్వారానికి దగ్గర్లోనే తీరం దాటింది. రాష్ట్రమంతా కలిపి మృతులు వెయ్యి లోపే. మధ్యలో తుపాను షెల్టర్లు కట్టారు, హెచ్చరికలు మెరుగయ్యాయి, లక్షల మందిని ముందే తరలించారు. నాగాయలంకలో ఒక అధికారి, కోడూరులో ఒక అధికారి కూర్చుని ఉండటం కూడా అందులో భాగమే. ఆ మాట చెప్పకుండా మండలాలను విమర్శించడం అన్యాయం.

కాకపోతే తుపాను రోజు వేరు, మిగతా 364 రోజులు వేరు. దివిసీమలో ఏడాది పొడుగునా నడిచే గొడవలు మూడు: కాలవ నీళ్లు, మురుగు కాలవలు, కరకట్ట. మూడూ మండలం గీత దగ్గర ఆగేవి కావు. పై మండలంలో కాలవకు అడ్డం వేసి తూము ఎత్తితే, చివరి భూముల్లో నారు ఎండిపోతుంది. కింద మురుగు కాలవలో గుర్రపుడెక్క తీయకపోతే పైన ఇంకో మండలంలో వరి మునుగుతుంది. వేసవిలో ఏరు అడుగంటితే సముద్రపు ఉప్పు నీరు పాయల్లోకి ఎగదన్నుతుంది. రొయ్యల చెరువు తవ్వినవాడి ఉప్పు పక్క చేలోకి ఊరితే, ఆ చేను ఏ మండలందని అడిగి ఊరదు కదా. రైతు చివరికి ఎవరి దగ్గరికి వెళ్తాడు? తహసీల్దారు ఇది నీటిపారుదల శాఖ పని అంటాడు. ఆ శాఖ డిప్యూటీ ఇంజనీరు తన పరిధి ఫలానా లాకు దాకానే అంటాడు.

అప్పుడు రైతు ఎమ్మెల్యే ఇంటికి వెళ్తాడు. ఇక్కడే నాకు ఆసక్తి. అవనిగడ్డ అసెంబ్లీ నియోజకవర్గంలో ఆరు మండలాలున్నాయి: అవనిగడ్డ, నాగాయలంక, కోడూరు, మోపిదేవి, చల్లపల్లి, ఘంటసాల. కూచిపూడి ఉన్న మొవ్వ వైపు పక్కన పెడితే ఇది దాదాపు పాత దివి తాలూకాయే! పాలన ముక్కలు చేసిన నేలను రాజకీయం ఒక్కటిగా ఉంచుకుంది. మొత్తం సీమను ఒకచోట నిలబడి చూడగల మనిషి ఎన్నికైన నాయకుడొక్కడే అయ్యాడు. తాలూకా ఆఫీసరు చేయాల్సిన పంచాయితీ ఎమ్మెల్యే వరండాలో జరుగుతోంది. మనిషి మంచివాడైతే సరే. కాకపోతే తూము ఏ వైపు లేస్తుందో ఓట్లు ఏ వైపు పడ్డాయో చూసి చెప్పొచ్చు.

2022 ఏప్రిల్‌లో జిల్లాలు 13 నుంచి 26 అయ్యాయి. కృష్ణా జిల్లాకు బందరే కేంద్రంగా ఉండిపోయింది. దివి బందరు రెవెన్యూ డివిజన్‌లోనే ఉంది. పడమటి పాయకు ఆవల రేపల్లె గుంటూరు జిల్లా నుంచి బాపట్ల జిల్లాకు మారింది. ఏరు మాత్రం మునుపటిలాగే రెండు జిల్లాల మధ్య నుంచి పోతోంది. ఊరూరా 2019లో సచివాలయాలు వచ్చాక సర్టిఫికెట్లకు మండలానికి తిరిగే బాధ తగ్గింది, మంచిదే. కాగితం ఇంటికి దగ్గరైంది. నీటి తగువు తీర్చేవాడు మాత్రం ఇంకా దూరంగానే ఉన్నాడు.

కొత్త రెవెన్యూ డివిజన్, కొత్త భవనం, కొత్త బోర్డు అడగడం మనకు అలవాటైన కోరిక. నేను అడుగుతున్నది అంత ఖర్చుది కాదు. అవనిగడ్డలో ఒక సబ్ కలెక్టర్ స్థాయి అధికారి కూర్చోవాలి. కాలవ, మురుగు, కరకట్ట, మడ అడవి, చెరువుల అనుమతులు, ఈ అయిదింటి మీద ఆరు మండలాల్లోనూ అతని మాట చెల్లాలి. రేపల్లె వైపు అధికారితో కలిసి వానాకాలానికి ముందు ఒకసారి కట్ట మీద నడవాలి.

2024 సెప్టెంబరు మొదట్లో ప్రకాశం బ్యారేజీ నుంచి 11.43 లక్షల క్యూసెక్కులు కిందికి వదిలారు. అంత నీరు మునుపెన్నడూ రాలేదు. పులిగడ్డ దగ్గర అది రెండుగా చీలి కిందికి దిగుతుంటే పాయలకు రెండు వైపులా కట్ట మీద జనం ఇసుక బస్తాలతో నిలబడ్డారు. కట్ట మీద నడిచేవాడికి మండలం ఎక్కడ మారిందో కనిపించదు. నీరు ఊరుతున్న చోటు కనిపించాక ఎవరికి ఫోన్ చేయాలన్నదే ఆ రాత్రి మొదటి ప్రశ్న.