పాటను మోసుకుపోయారు, ఊరిని వదిలేశారు

మొన్న సంక్రాంతికి, కనుమ నాడు, రాజాం దగ్గర మా అమ్మమ్మగారి ఊళ్లో తప్పెటగుళ్ల జట్టు దిగింది. కాళ్లకు గజ్జెలు, గుండెల మీద రేకు తప్పెట, మనిషి మీద మనిషి ఎక్కి నిలబడే విద్య, అన్నీ ఉన్న జట్టే. గంగమ్మ కథ ఎత్తుకుంటారని మా పిన్ని అందరికంటే ముందు చాప వేసుకుని కూర్చుంది. వాళ్లు ఎత్తుకున్నది మరుగుదొడ్ల పథకం. వెనకాల ఫ్లెక్సీ, దాని మీద నాయకుల బొమ్మలు. అడుగు పాతదే, ఊపు పాతదే, పాటలో మాత్రం గంగమ్మ లేదు. అరగంటలో ముగించి, ఫ్లెక్సీ కనబడేలా ఫొటో తీయించుకున్నారు. పిన్ని చాప దులుపుకుంటూ, "ఏట్రా, అమ్మోరు రాకుండానే అయిపోనాదా?" అంది.

ఉత్తరాంధ్రలో కళకూ రాజకీయానికీ ఉన్న పొత్తు గురించి ఎవరు మాట్లాడినా వెంటనే జైలుకెళ్లిన కవుల పేర్లు, తూటాకు బలైన కవుల పేర్లు చెబుతారు. చెప్పుకోదగ్గ పేర్లే. నాకు మాత్రం ఆ చాప దగ్గరే ఆలోచన ఆగిపోయింది. జైలుకూ తూటాకూ లొంగని పాట ఫ్లెక్సీకి ఎలా లొంగింది?

గరిమెళ్ల సత్యనారాయణది నరసన్నపేట ప్రాంతం. సహాయ నిరాకరణ రోజుల్లో 'మాకొద్దీ తెల్లదొరతనము' రాసి ఊరూరా పాడినందుకు 1922లో ఏడాది జైలు వేశారు. తెలుగు రాని దొర ఒకాయన ఆ పాట విని, మాటలు తెలియకపోయినా దాని వేడి తెలుస్తోందన్నాడని మనవాళ్లు మురిపెంగా చెప్పుకుంటారు. నాకు అందులో పాటకు దక్కిన మెప్పు కంటే పాలకుడి తెలివి ఎక్కువ కనిపిస్తుంది. పాట బలం కాగితం మీద లేదని, పాడే గొంతుకూ చుట్టూ మూగిన జనానికీ మధ్య ఉందని వాడు పట్టేశాడు. అయితే అప్పటికి వాడి దగ్గరున్న మందు ఒకటే, పాడేవాణ్ని లోపల వేయడం. అది వికటించింది. మనిషి లోపలుంటే పాట బయట తిరిగింది. స్వతంత్రం వచ్చాక అదే గరిమెళ్ల మద్రాసులో పేదరికంతో కునారిల్లి 1952లో కన్నుమూశాడు. పాటను ఆగస్టు పదిహేనుకు దాచుకుని, పాడినవాణ్ని గాలికి వదిలేశాం. ఈ సంగతి ముందే గుర్తు చేసుకోవడం మంచిది. పథకాల పాట పాడిన జట్టును చూసి 'అమ్ముడుపోయారు' అనడం మనబోటి నెలజీతగాళ్లకు మరీ తేలిక.

దొరల సొమ్ము తింటే నోరు పడిపోతుందన్న సూత్రం కూడా విజయనగరంలో నిలబడదు. గురజాడ సంస్థానం ఉద్యోగి. కన్యాశుల్కం 1892లో తొలిసారి ఆడింది ఆ ఊళ్లోనే. 1897లో అచ్చు వేసినప్పుడు అంకితం ఇచ్చింది మహారాజా ఆనంద గజపతికే. ఆ పుస్తకం ముందుమాటలో ఒళ్లు జలదరించే లెక్క ఒకటుంది. విశాఖపట్నం జిల్లాలో మూడేళ్లలో జరిగిన కన్యాశుల్కం పెళ్లిళ్ల జాబితా మహారాజు తీయిస్తే 1034 తేలాయి. అందులో ఏడాది వయసు పెళ్లికూతుళ్లు ముగ్గురు. ఇలాంటి జాబితా తీయించే సత్తా ఆ రోజుల్లో ఏ కవికీ లేదు, ఆస్థానానికే ఉంది. దర్బారు దీపంతోనే గురజాడ అగ్రహారం లోపలి చీకటి చూపించాడు.

ఆ దీపం వెలుగు జమీ గట్టు దాకా రాలేదన్నది వేరే సంగతి. కంబారివాడి (పాలేరు) అప్పు, బుగత (భూస్వామి) గాదె, శిస్తు కట్టలేక ఊరు విడిచిన రైతు ఆ నాటకంలో ఉండరు. ఉండాలని నిలదీయడం అన్యాయం. ఆ నాటకం నెత్తిన పెట్టుకున్న పని వేరు. ఈ రెండో పని చేయడానికి తర్వాత చాలామంది కథకులు వచ్చారు గానీ, అప్పు తండ్రి నుంచి కొడుక్కి ఎలా సంక్రమిస్తుందో ఊపిరాడకుండా చెప్పింది మాత్రం 1966లో వచ్చిన కాళీపట్నం రామారావు మాస్టారి 'యజ్ఞం'. మరుసటి ఏడాది అక్టోబరు 31న లేవిడి దగ్గర, గిరిజన సంఘం సభకు పోతున్న కోరన్న, మంగన్నలను భూస్వాముల మనుషులు కాల్చి చంపారు. శ్రీకాకుళం గిరిజన తిరుగుబాటు అక్కణ్నుంచే రాజుకుంది. కథ చదివి జనం తిరగబడ్డారని ఎవరైనా అంటే నవ్వొస్తుంది. కథా తిరుగుబాటూ ఒకే బాకీ చిట్టాలోంచి లేచాయి, అంతే.

ఇక పాణిగ్రాహి. పలాస దగ్గర బొడ్డపాడులో గుడి పూజారిగా ఉన్న సుబ్బారావు పాణిగ్రాహి ఆ తిరుగుబాటు కోసం జముకుల కథను పట్టుకున్నాడు. కవులు చాలామంది ఆయన పదాల పదును గురించి రాశారు. నాకు ఆయన ఎంచుకున్న వాయిద్యం ముఖ్యం అనిపిస్తుంది. జముకు అంటే ఒకవైపు తోలు బిగించిన గుల్ల. తోలు మధ్యలోంచి వచ్చిన తీగను బిగలాగి మీటుతుంటే ఆ మోత చెవిలో కంటే కడుపులో తెలుస్తుంది. కథకుడొకడు, వంతలు ఇద్దరు. మామూలుగా చెప్పుకునేవి అమ్మవారి కథలు. పొద్దుగూకాక మొదలై అర్ధరాత్రి దాటుతుంది. ఆడవాళ్లు పిల్లల్ని ఒళ్లో పడుకోబెట్టుకుని వింటారు. పందిరి అక్కర్లేదు, మైకు అక్కర్లేదు, ఠాణా అనుమతి అసలే అక్కర్లేదు.

అంతకంటే పెద్ద విషయం వంత. కథ మంచి పట్టులో ఉండగా వంత అడ్డుపడి, "అదేటి, అలగెందుకు?" అంటాడు. వినేవాడి సందేహాన్ని వినేవాడి యాసలోనే బయటపెట్టడం అతని పని. మీటింగులో ఉపన్యాసకుణ్ని మధ్యలో ఆపితే గొడవ. జముకుల కథలో ఆపకపోతే కథే నడవదు. ప్రశ్న అడగడం అలవాటైన జనానికి ఈ కథతో ప్రశ్న కొత్తగా నేర్పే పనిలేదు. రాక్షసుడు కూర్చునే చోట బుగతను కూర్చోబెడితే చాలు. వినేవాడి కోపం అప్పటికే ఆ చోటును ఎరిగి ఉంది.

ఈ బలంలోనే ఒక లోపమూ ఉంది. అమ్మవారి కథలో రాక్షసుడు తెల్లారేలోపు చస్తాడు. కొండల్లో అలా జరగలేదు. 1969 డిసెంబరులో పోలీసులు పాణిగ్రాహిని కాల్చేశారు. 1970 జూలైలో ఆ తిరుగుబాటు నాయకులు వెంపటాపు సత్యం, ఆదిభట్ల కైలాసం పోయారు. ఇద్దరూ బడిపంతుళ్లు. అదే 1970లో గిరిజనుల భూమి గిరిజనేతరుల పాలు కాకుండా 1/70 చట్టం వచ్చింది, జూలై 4న హైదరాబాదులో విప్లవ రచయితల సంఘం పుట్టింది. కొండకు ఒక కాగితం దక్కింది. సాహిత్యానికి ఒక సంఘం దక్కింది. శ్రీకాకుళం మాత్రం అక్కణ్నుంచి ఊరి పేరుగా తగ్గి, కవిత్వంలో వాడుకునే విశేషణంగా పెరిగింది. ఎక్కడెక్కడో కూర్చుని రాసిన కవితల్లో 'శ్రీకాకుళం' మెరిసింది. కొండ కింద సంతలో చింతపండు తూకం మోసం మీద పద్యం ఎన్నాళ్లకు వచ్చిందో వెతకాలి.

పాటను ఊరి నుంచి విడదీయడం అక్కడే మొదలైందని నా అనుమానం. సర్కారు కంటే ముందు మనమే ఆ పని చేశాం.

మాట సంగతీ అంతే. వాడుక భాష కోసం జీవితమంతా పోరాడిన గిడుగు రామమూర్తి పంతులు 1863లో పుట్టింది శ్రీకాకుళం దగ్గర పర్వతాలపేటలో. ఆయన పోరు గెలిచింది. పేపర్లూ పుస్తకాలూ వాడుక భాషకు మళ్లాయి. అయితే ఆ వాడుక ఎవరిది? కృష్ణా గోదావరి డెల్టాది. గిడుగు పుట్టిన గడ్డ మీది 'ఏటి', 'ఎల్దాం', 'నాను' సినిమాల్లో పనివాళ్ల నోట, హాస్యగాళ్ల నోట మిగిలాయి. మా వైపు నుంచి హైదరాబాదు వెళ్లిన కుర్రాడు ముందుగా నేర్చుకునేది ఉద్యోగం పని కాదు, యాస దాచుకోవడం. ఇంకొకటి కూడా ఉంది. ఆగస్టు 29న ఆయన పేరున తెలుగు భాషా దినోత్సవం చేస్తాం. ఆయన కొండల్లోని సవర గిరిజనుల భాష నేర్చుకుని, సవర పిల్లలకు వాచకాలు రాసి, సొంత డబ్బుతో బడులు నడిపిన సంగతి ఆ రోజు ఎన్ని వేదికల మీద వినబడుతుంది? పండితుణ్ని ఉంచుకుని కొండను వదిలేశాం.

ప్రజా గాయకుడు వంగపండు ప్రసాదరావు అందుకే ఒంటరి మనిషిలా కనిపిస్తాడు. పార్వతీపురం దగ్గర పెదబొండపల్లిలో పుట్టి, విశాఖ షిప్‌యార్డులో పనిచేసి, ఎక్కడ పాడినా యాస మార్చుకోలేదు. 'ఏం పిల్లడో ఎల్దమొస్తవా' అనే పిలుపును 'వెళ్దాం వస్తావా' అని దిద్దితే చచ్చి ఊరుకుంటుంది. ఆ పిలుపు తర్వాత సినిమా చిందుపాటలోకి ఎక్కింది. రాష్ట్రమంతా ఎగిరింది. ఎల్లడం మిగిలింది గానీ ఎక్కడికన్నది రాలిపోయింది. ఆయన పాడినప్పుడు ఆ దారి కొండకు పోయేది.

నిషేధాల కాలం పోయిందని అనుకోవడానికీ లేదు. నూరేళ్ల నాటి 'చింతామణి' నాటకాన్ని 2022 జనవరిలో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం నిషేధించింది. ఒక సామాజిక వర్గాన్ని కించపరుస్తోందన్నది కారణం. అభ్యంతరం ఉన్నవాళ్ల బాధ అబద్ధమని అనను. కానీ ఆ నాటకంలో సుబ్బిశెట్టి వేషం కట్టుకుని జాతరల్లో నాలుగు డబ్బులు సంపాదించుకునే నటుణ్ని ఎవరూ అడగలేదు.

కళ అంటే పాటా నాటకమూ మాత్రమే అనుకుంటే శ్రీకాకుళం జిల్లా సోంపేటలో జరిగింది అర్థం కాదు. అక్కడ బీల ఉంది. వానకు నిండే చిత్తడి నేల, చేపలు పట్టుకునేవాళ్లకు కూడు, కింద పొలాలకు తడి, గొడ్లకు మేత. అక్కడ కట్టదలచిన థర్మల్ కేంద్రం కాగితాల్లో అది బంజరు. 2010 జూలై 14న పోలీసు కాల్పుల్లో మనుషులు పోయింది నిజానికి ఈ రెండు మాటల మధ్యనే. అదే రోజు పర్యావరణ అప్పీళ్ల అథారిటీ ప్లాంటు అనుమతిని రద్దు చేసింది. ఏడు నెలలకు, 2011 ఫిబ్రవరి 28న, కాకరాపల్లిలోనూ తుపాకులు పేలాయి. తంపర అనే చిత్తడి నేలల మీద వచ్చిన తగువే అది కూడా. 'బీల' అన్న మాటను ఏ కవీ పుట్టించలేదు. అక్కడ వల వేసేవాళ్ల నోట్లో అది బతికి ఉండబట్టే బంజరు అన్న మాట అబద్ధమని తేలింది. ఆ మాట ఎప్పుడో చచ్చిపోయి ఉంటే, కాగితం గెలిచేది. సాంస్కృతిక ప్రతిఘటన అంటే ఏమిటని నన్నెవరైనా అడిగితే ముందు ఆ రెండక్షరాల మాటనే చూపిస్తాను.

మళ్లీ కనుమ దగ్గరకు. ఫొటోలు అయ్యాక జట్టు పెద్దాయన మా అరుగు మీద కూర్చుని గజ్జెలు విప్పుకుంటున్నాడు. అరవై దాటిన మనిషి. చీలమండలు చుట్టూ చర్మం గట్టిపడి నల్లగా కాయ కాసింది. గంగమ్మ కథ ఇప్పుడు చెప్పడం లేదా తాతా అని అడిగాను. "సెప్తాం బావూ. ఎందుకు సెప్పం? పిల్సినోల్లేరు," అన్నాడు. సర్కారోళ్లు పిలుస్తున్నారు, ఏదో ఇస్తున్నారు, దాంతో కుర్రాళ్లు జట్టు వదిలి చెన్నపట్నం పోకుండా ఉన్నారట. పథకం పాట లేకపోతే ఈపాటికి తప్పెట అటకెక్కేదని కూడా అన్నాడు. నేను సిద్ధం చేసుకున్న వాదం అక్కడ కాస్త కుంటుపడిందని ఒప్పుకోవాలి.

ఆ పండక్కి మా ఊరి చందాల్లో సగానికి పైగా విశాఖ నుంచి వచ్చిన డీజేకి పోయాయి. వసూలు చేసినవాళ్లలో నేనూ ఉన్నాను. జట్టుకు మా ఊరు ఇచ్చింది టీ, తలా రెండు అరిసెలు.