తుపాకీ ఇచ్చి పోలీసు తప్పుకుంటే

ఎన్నికల షెడ్యూలు వచ్చిందంటే మన పోలీస్ స్టేషన్లలో ఒక తంతు మొదలవుతుంది. లైసెన్స్ తుపాకీ ఉన్నవాళ్లకు కబురు వెళ్తుంది. తాతల నాటి పన్నెండు బోరు డబుల్ బ్యారెల్‌ను దుప్పట్లో చుట్టుకుని ఒక పెద్దాయన వస్తాడు. రియల్ ఎస్టేట్ వ్యాపారి తన .32 రివాల్వర్‌ను బ్యాగులో పెట్టుకుని, కాస్త చిరాగ్గా కారు దిగుతాడు. స్టేషన్ రైటర్ నంబరు సరిచూసి, తూటాలు లెక్కపెట్టి, రసీదు రాసిచ్చి, బీరువాకు తాళం వేస్తాడు. ఓట్ల లెక్కింపు ముగిశాక మళ్లీ ఎవరిది వాళ్లకు. ఊళ్లో టెన్షన్ పెరిగే రోజుల్లో, ఆత్మరక్షణ పేరుతో తామే ఇచ్చిన తుపాకీని కూడా వెనక్కి తీసుకోవడమే మేలని అధికారులకు అనుభవం నేర్పింది.

అస్సాం ప్రభుత్వం దీనికి సరిగ్గా ఎదురుదారి పట్టింది. మారుమూల, సున్నిత ప్రాంతాల్లో ఉండే ‘మూలవాసుల’కు ఆయుధ లైసెన్సులు ఉదారంగా ఇవ్వాలని 2025 మే 28న ముఖ్యమంత్రి హిమంత బిశ్వ శర్మ మంత్రివర్గం తీర్మానించింది. ఆగస్టులో ఆన్‌లైన్ దరఖాస్తులకు పోర్టల్ కూడా తెరిచింది. ధుబ్రీ, నగావ్, మొరిగావ్, బర్‌పేట, సౌత్ సల్మారా వంటి జిల్లాల పేర్లు చెప్పారు. ఇవన్నీ బెంగాలీ మూలాలున్న ముస్లింలు ఎక్కువగా ఉండే జిల్లాలు. బంగ్లాదేశ్‌లో పరిణామాల తర్వాత అక్కడి స్థానికులు భయం భయంగా బతుకుతున్నారని, దాడి జరిగితే పోలీసులు చేరుకునేలోపే అంతా అయిపోతుందని ప్రభుత్వం చెబుతోంది.

ఆ భయాన్ని మేం కొట్టిపారేయడం లేదు. బ్రహ్మపుత్ర లంకల్లో వరదల నెలల్లో ఒక ఊరి నుంచి మరో ఊరికి పడవే దిక్కు. అర్ధరాత్రి తలుపు బాదిన చప్పుడు వింటే ఎవరికైనా గుండె జారుతుంది. అయితే నదికి అటున్న ఇంట్లోనూ మనుషులే ఉన్నారు, వాళ్ల గుండె కూడా అలాగే జారుతుంది. లైసెన్స్ మాత్రం ఒక ఇంటికే. పైగా ‘మూలవాసి’ అంటే ఎవరో, విదేశీయుల వ్యతిరేక ఉద్యమాన్ని ముగిస్తూ కుదిరిన 1985 నాటి అస్సాం ఒప్పందం మీద ఇన్నేళ్లు వాదించుకున్నా తేలలేదు. తేలని ఆ ముక్కను పట్టుకుని ఇప్పుడు ఎవరికి తుపాకీ, ఎవరికి వద్దు అని ఒక ఆఫీసులో తేలుస్తారట!

ఆ జాబితాలో మొరిగావ్ ఉండటం మమ్మల్ని ఎక్కువగా కలవరపెడుతోంది. 1983 ఫిబ్రవరి 18న నెల్లీ పరిసర గ్రామాల్లో ఊచకోత జరిగింది ఇప్పటి మొరిగావ్ జిల్లాలోనే. కొన్ని గంటల్లోనే దాదాపు 1,800 మంది చనిపోయారని ప్రభుత్వ లెక్క. అసలు సంఖ్య ఇంకా ఎక్కువని స్థానికులు అంటారు. మృతుల్లో అత్యధికులు బెంగాలీ ముస్లింలు, వారిలోనూ స్త్రీలు, పిల్లలే ఎక్కువ. ఇప్పటిదాకా ఒక్కరికీ శిక్ష పడలేదు. ఆ దారుణంలో ఎక్కువగా వాడినవి కత్తులు, బరిసెలు.

తెలుగువాళ్లకు ఈ కథ కొత్త కాదు, గోదావరి అవతల చూసిందే. 2005లో ఛత్తీస్‌గఢ్‌లోని దంతెవాడలో సల్వా జుడుం అనే మావోయిస్టు వ్యతిరేక దళం మొదలైనప్పుడు కూడా మాట ఇదే: మావోయిస్టుల నుంచి గిరిజనులు తమను తాము కాపాడుకుంటున్నారు, ప్రభుత్వం అండగా ఉంటుందంతే అని. అయిదో తరగతి చదివితే చాలని స్పెషల్ పోలీస్ ఆఫీసర్లుగా తీసుకున్నారు. రెండు నెలలు శిక్షణ, నెలకు 3,000 గౌరవ వేతనం, చేతికి తుపాకీ. వాళ్లలో చాలామంది ఇరవై ఏళ్లు అటూఇటూ ఉన్న కుర్రాళ్లు. ఊళ్లు రెండుగా చీలాయి. జుడుంలో చేరకపోతే జుడుం కాల్చింది, చేరితే మావోయిస్టులు చంపారు. ఇళ్లు తగలబడ్డాక అక్కడి గొత్తికోయ గిరిజన కుటుంబాలు పిల్లల్ని చంకనేసుకుని అడవిదారిన అప్పటి ఖమ్మం జిల్లాలోకి వచ్చిపడ్డాయి. భద్రాద్రి కొత్తగూడెం, ములుగు అడవుల్లో ఈనాటికీ వాళ్ల గుడిసెలున్నాయి. పోడు కొట్టుకుంటే అటవీశాఖ వాళ్లు పీకేస్తారు, ఎస్టీ సర్టిఫికెట్ అడిగితే మీది ఈ రాష్ట్రం కాదంటారు. ఆత్మరక్షణ పేరుతో పంచిన తుపాకుల బిల్లు ఇరవై ఏళ్లుగా కడుతున్నది వాళ్లు.

2011 జూలై 5న సుప్రీంకోర్టులో జస్టిస్ బి.సుదర్శన్‌రెడ్డి, జస్టిస్ ఎస్.ఎస్.నిజ్జర్‌ల ధర్మాసనం ఈ ఏర్పాటు రాజ్యాంగ విరుద్ధమని తేల్చింది. ఇచ్చిన ఆయుధాలన్నీ వెనక్కి తీసుకోమని ఆదేశించింది. ఆ తర్వాత ఏమైంది? కొన్ని నెలల్లోనే ఛత్తీస్‌గఢ్ ప్రభుత్వం ఒక కొత్త సహాయక సాయుధ దళ చట్టం చేసి అదే కుర్రాళ్లకు యూనిఫాం తొడిగింది. దేశంలోని అత్యున్నత న్యాయస్థానం చెప్పినా వెనక్కి రాని తుపాకీ, రేపు లంక గ్రామంలో అల్లర్లు జరిగాక జిల్లా మేజిస్ట్రేట్ నోటీసు పంపితే వస్తుందా?

జమ్మూలో గ్రామ రక్షణ కమిటీలు పనిచేశాయి కదా అని ఎవరైనా అడగొచ్చు. నిజమే. 1995 నుంచి డోడా, కిష్త్‌వాడ్, రాజౌరీ కొండల్లో ఊరికి కొన్ని .303 రైఫిళ్లు ఇచ్చారు. 2023 జనవరి 1న రాజౌరీ జిల్లా ఢాంగ్రీలో ఉగ్రవాదులు ఇళ్ల మీద పడినప్పుడు ఒక గ్రామస్థుడు రైఫిల్‌తో ఎదురుకాల్పులు జరపడం వల్లే మరిన్ని ప్రాణాలు పోలేదు. ఆయన ధైర్యాన్ని తక్కువ చేయలేం. కానీ అక్కడ ఆయుధం పోలీసుశాఖది, జిల్లా ఎస్పీ అజమాయిషీలో ఉంటుంది, ఎదురుగా ఉన్నది సరిహద్దు దాటి వచ్చిన సాయుధుడు. అంత అజమాయిషీ ఉన్నా కొందరు సభ్యులపై హత్య, అత్యాచారం కేసులు నమోదయ్యాయి. అస్సాంలో తుపాకీ సొంత ఆస్తి, ఎదురుగా ఉండేది పక్కూరి మనిషి.

సొంత ఆస్తి అన్నాం కాబట్టి ధర కూడా చూద్దాం. ఢిల్లీ నిర్భయ ఘటన తర్వాత మహిళల కోసమని కాన్పూర్ ఆయుధ కర్మాగారం 2014లో ‘నిర్భీక్’ అనే రివాల్వర్ తెచ్చింది. బరువు అర కిలో, ధర 1.22 లక్షలు. రాత్రి షిఫ్టు దిగి బస్సు కోసం నిలబడే అమ్మాయి ఎవరైనా అంత పెట్టి కొంటుందని నిజంగా అనుకున్నారా? తుపాకీ కొనాలంటే డబ్బుండాలి. లంకల్లో జనపనార, వరి పండించుకునే రైతు కొనడు. ఊళ్లో పొలాలు, పలుకుబడి ఉన్నవాడు కొంటాడు. ఇంతకాలం ఆ రైతును ఎవరి నుంచి కాపాడాల్సి వచ్చిందో, తుపాకీ అతని చేతికే వెళ్లొచ్చు.

కొన్నవాడికైనా అది సమయానికి అక్కరకొస్తుందా? తుపాకీని తాళం వేసి భద్రంగా ఉంచాలని 2016 ఆయుధ నియమాలు చెబుతున్నాయి, చెప్పాలి కూడా, ఇంట్లో పిల్లలుంటారు. నిద్రలోంచి లేచి, తాళంచెవి వెతికి, తూటా ఎక్కించి, చీకట్లో వచ్చినవాడు దొంగో చుట్టమో పోల్చుకోవాలి. అన్నీ సరిగ్గా జరిగాయనుకుందాం. 1991 జూలైలో పంజాబ్‌లోని ఒక పల్లెలో కొట్లాట జరిగింది. తండ్రి మీద దాడి చేస్తున్నారని కొడుకు తన లైసెన్స్ తుపాకీ పేల్చాడు, అవతలి మనిషి చనిపోయాడు. కింది కోర్టు వదిలేసింది, హైకోర్టు దోషి అన్నది. ఇది ఆత్మరక్షణేనని సుప్రీంకోర్టు చెప్పింది 2010 జనవరిలో. న్యాయం ఆయన పక్షానే ఉన్నా పద్దెనిమిదిన్నరేళ్లు పట్టింది. ఆత్మరక్షణ హక్కును భారతీయ న్యాయ సంహిత 34 నుంచి 44 సెక్షన్లలో ఉదారంగానే గుర్తించింది. అవసరానికి మించి హాని చేయకూడదన్న షరతు మాత్రం ఉంది. ఆ అవసరం ఎంతన్నది తూటా వెళ్లిపోయాక కోర్టే కొలుస్తుంది.

ఆయుధం పట్టే హక్కు పౌరుడికి ఉండాలన్న వాదనను తేలిగ్గా తీసేయలేం. 1878 చట్టంతో తెల్లవాళ్లు మన చేతుల్లోంచి తుపాకీ లాక్కుని తాము మాత్రం ఉంచుకున్నారు. ఆ మంట మీదే 1931 కరాచీ కాంగ్రెస్, నిబంధనలకు లోబడి ఆయుధం ధరించే హక్కు ప్రతి పౌరుడికీ ఉండాలని తీర్మానించింది. 1948 డిసెంబరులో రాజ్యాంగసభలో హెచ్.వి.కామత్ దాన్ని ప్రాథమిక హక్కుల్లో చేర్చమని కోరితే అంబేడ్కర్ ఒప్పుకోలేదు, సభ కూడా కాదన్నది. విభజన నెత్తురు అప్పటికింకా ఆరలేదు. సామాన్యుడి చేతిలో తుపాకీ అంటే ఏమిటో ఆ సభలో ఉన్నవాళ్లకు ఎవరూ చెప్పక్కర్లేదు.

అమెరికా ఆ హక్కును రాజ్యాంగంలో రాసుకుంది. అక్కడ మనుషుల కంటే తుపాకులే ఎక్కువ. గ్యాస్ స్టేషన్‌లో పార్ట్ టైమ్ చేస్తున్న పిల్లాడి గురించి తెల్లవారుజామున ఫోన్ వచ్చిన ఇళ్లు తెలుగునాట ఎన్ని ఉన్నాయో మన పాఠకులకు వేరే చెప్పాలా?

మన దేశంలో పౌరుల దగ్గర 7 కోట్లకు పైగా తుపాకులున్నాయని, వాటిలో రిజిస్టరైనవి కోటి లోపేనని స్మాల్ ఆర్మ్స్ సర్వే అనే పరిశోధన సంస్థ 2018లో అంచనా వేసింది. పార్లమెంటు 2019లో ఆయుధ చట్టాన్ని సవరించి, ఒకరి దగ్గర మూడు ఉండొచ్చన్న పరిమితిని రెండుకు తగ్గించింది కూడా ఈ బరువు తగ్గించడానికే. నిజంగా ప్రాణభయం ఉన్న మనిషికి అదే చట్టం కింద విడిగా దరఖాస్తు చేసుకునే దారి ఎప్పటినుంచో ఉంది. అస్సాం తెచ్చిన కొత్తదనమల్లా మనిషిని కాకుండా వర్గాన్ని చూసి లైసెన్స్ ఇవ్వడం. 2020 జనవరి 30న 1,615 మంది బోడో తీవ్రవాదులు గువాహటిలో తుపాకులు అప్పగిస్తే పండగ చేసుకున్న రాష్ట్రమిది. పక్కనున్న మణిపూర్‌లో 2023లో ఠాణాల నుంచి ఎత్తుకెళ్లిన తుపాకుల్ని తిరిగి రాబట్టడానికి గవర్నరే గడువు పెట్టి బతిమాలాల్సి వచ్చింది.

అస్సాం ప్రభుత్వం ఆ పోర్టల్‌ను మూసేయాలి. లంక గ్రామాలకు ఔట్‌పోస్టులు, వరదల్లోనూ తిరిగే మోటారు పడవలు, ఇరువర్గాల యువకులూ ఉండే పోలీసు నియామకాలు కావాలి. ఇవి ఖర్చుతో కూడిన పనులు, లైసెన్స్ ముద్ర కొట్టడం చౌక. 2026 అసెంబ్లీ ఎన్నికలకు ఏడాది ముందు ఈ చౌకదారి ఎందుకు ముద్దొచ్చిందో ఊహించడం కష్టం కాదు. రేపు ఎన్నికల షెడ్యూలు వస్తే ధుబ్రీలోనూ స్టేషన్ రైటర్ రసీదు పుస్తకం తీయాల్సిందే. ఈ పథకం కింద అందులో చేరే పేర్లన్నీ ఒక్క వైపువే అయివుంటాయి.