డీఎల్ఎల్ మిస్సింగా? సిస్టమ్32లో ఫైల్ పడేసే ముందు ఇది చదవండి

"ఫలానా డీఎల్ఎల్ మిస్సింగ్ అని ఎర్రర్ వస్తే టెన్షన్ పడొద్దు. ఆ పేరుతో నెట్‌లో వెతికి ఫైల్ డౌన్‌లోడ్ చేయండి, విండోస్‌లోని సిస్టమ్32 ఫోల్డర్లో పేస్ట్ చేయండి, రెగ్‌సర్వర్32 కమాండ్‌తో రిజిస్టర్ చేయండి. అప్పటికీ రాకపోతే విండోస్ మళ్లీ ఎక్కించండి." ఏళ్ల తరబడి వీడియోల్లో, వాట్సాప్ ఫార్వర్డుల్లో తిరుగుతున్న సలహా సారాంశం ఇదీ. దీంతో ఒక్కోసారి ప్రోగ్రామ్ నిజంగానే తెరుచుకుంటుంది. చిక్కంతా అక్కడే. పని జరిగినవాళ్లు పదిమందికి చెబుతారు, జరగనివాళ్లు తమ కంప్యూటర్‌దే లోపమనుకుని ఊరుకుంటారు.

"ఫైల్ లేదు కాబట్టి ఆ ఫైల్ తెచ్చిపెడితే చాలు"

చాలా ప్రోగ్రాములకు ఉమ్మడిగా అవసరమయ్యే కోడ్‌ను ఒక్కోదాంట్లో విడివిడిగా కుక్కకుండా వేరే ఫైల్లో పెడతారు. అలాంటి ఫైలే లైబ్రరీ. విండోస్‌లో దాన్ని డీఎల్ఎల్ అంటారు, లినక్స్‌లో ఎస్ఓ. ప్రోగ్రామ్ మొదలవగానే లోడర్ అనేది "దీనికి ఏయే లైబ్రరీలు కావాలి" అన్న జాబితా చదివి, పేరు పట్టుకుని వెతుకుతుంది. దొరక్కపోతే ఆ పేరు మన ముందు పడేస్తుంది. ఏ వెర్షన్ కావాలో, దాని వెనకాల ఇంకెన్ని ఫైళ్లు కావాలో ఆ మెసేజ్‌లో ఉండదు.

ఎంఎస్‌వీసీపీ140.డీఎల్ఎల్‌నే తీసుకోండి. అది ఒంటరి ఫైల్ కాదు. వీసీరన్‌టైమ్140 లాంటి తోబుట్టువులతో కలిసి మైక్రోసాఫ్ట్ వారి విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ అనే ప్యాకేజీలో వస్తుంది. ఒక్కదాన్ని తెచ్చిపెడితే తర్వాత రెండోది లేదంటుంది. పేరు చివర అంకె కూడా ఊరికే పెట్టింది కాదు. 100 అంటే 2010 ప్యాకేజీ, 110 అంటే 2012, 120 అంటే 2013, 140 అంటే 2015 నుంచి ఇటు వచ్చిన ప్యాకేజీ. కొత్తది ఉంది కదా అని 120 అడిగే ప్రోగ్రామ్ 140తో సరిపెట్టుకోదు. దాని ప్యాకేజీ దానికి వేయాల్సిందే.

ఇంతకంటే చికాకు పెట్టేది, పేరు సరిపోయి వెర్షన్ పాతదైనప్పుడు. తెలిసినతను ఒకసారి ల్యాప్‌టాప్ పట్టుకొచ్చాడు. మిస్సింగ్ అన్న మెసేజ్ పోయింది కానీ, ప్రోగ్రామ్ క్లిక్ చేయగానే విండో ఒక్క క్షణం మెరిసి మాయమవుతోంది. అసలు ప్యాకేజీ ఇన్‌స్టాల్ చేసినా అదే తీరు. చూస్తే, మెసేజ్ వచ్చినరోజు ఆయన డౌన్‌లోడ్ చేసిన ఎంఎస్‌వీసీపీ140ని సిస్టమ్32తో పాటు, ఎందుకైనా మంచిదని ప్రోగ్రామ్ ఫోల్డర్లో కూడా పేస్ట్ చేశాడు. ఇలాంటి లైబ్రరీల కోసం విండోస్ మొదట చూసేది ప్రోగ్రామ్ ఉన్న ఫోల్డర్‌నే. అక్కడి పాత కాపీ కనబడగానే సిస్టమ్32లోని కొత్తదాని జోలికే పోలేదు. ప్రోగ్రాములు కట్టడానికి వాడే మైక్రోసాఫ్ట్ సాధనం విజువల్ స్టూడియో 2022లో, 2024లో వచ్చిన 17.10 వెర్షన్ నుంచి మ్యూటెక్స్ (ఒకే డేటాను రెండు పనులు ఒకేసారి తాకకుండా ఆపే తాళం లాంటిది) తయారయ్యే పద్ధతి మారింది. అలా కట్టిన ప్రోగ్రాములకు పాత ఎంఎస్‌వీసీపీ140 దొరికితే ఇలాగే చడీచప్పుడు లేకుండా కూలిపోతాయి. ప్రోగ్రామ్ ఫోల్డర్లోని కాపీ డిలీట్ చేశాం, తెరుచుకుంది.

ఇంకో తిరకాసు కూడా ఉంది. ప్రోగ్రామ్ నడుస్తూ మధ్యలో ఒక లైబ్రరీని తెరవబోతే "స్పెసిఫైడ్ మాడ్యూల్ దొరకలేదు" అని 126 నంబర్ ఎర్రర్ వస్తుంది. పైథాన్ వాడేవాళ్లకు ఇది బాగా పరిచయం. చూస్తే ఆ ఫైల్ అక్కడే నిక్షేపంగా ఉంటుంది! నిజానికి లేనిది, అది ఆధారపడే మరో లైబ్రరీ. ఉన్న ఫైల్‌నే మళ్లీ మళ్లీ డౌన్‌లోడ్ చేస్తే ఏం లాభం?

"సిస్టమ్32లో పేస్ట్ చేయండి"

ఇంటిపేరు కస్తూరివారు అన్నట్టుంటుంది ఈ ఫోల్డర్ సంగతి. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32లో ఉండేవి 64 బిట్ లైబ్రరీలు. 32 బిట్‌వి ఉండేది సిస్‌వావ్64లో. పాత ప్రోగ్రాములు చెడకూడదని పేర్లు అలా మిగిలిపోయాయి. పేరు చూసి 32 బిట్ ఫైల్‌ను సిస్టమ్32లో వేస్తే, 64 బిట్ ప్రోగ్రామ్ తెరిచినప్పుడు 0ఎక్స్‌సీ000007బీ అన్న ఎర్రర్ ఎదురవ్వచ్చు. ప్యాకేజీ ఇన్‌స్టాలర్ అయితే ఏది ఎక్కడికి వెళ్లాలో దానికే తెలుసు. 32 బిట్ ప్రోగ్రామ్‌కు ఎక్స్86 ప్యాకేజీ, 64 బిట్‌కు ఎక్స్64 ప్యాకేజీ కావాలి. రెండూ వేసుకున్నా ఇబ్బంది లేదు.

"రెగ్‌సర్వర్32 కొట్టండి"

ఆ కమాండ్ కామ్ రకం లైబ్రరీల కోసం, అంటే తమ వివరాలను విండోస్ రిజిస్ట్రీలో నమోదు చేసుకోవాల్సిన వాటి కోసం. ఎంఎస్‌వీసీపీ140 మీద కొడితే డీఎల్ఎల్‌రిజిస్టర్‌సర్వర్ అనే ఎంట్రీ పాయింట్ లేదంటుంది. అంతే.

"నష్టమేముంది, ఒక ఫైలే కదా"

లైబ్రరీ అంటే డేటా కాదు, కోడ్. దాన్ని లోడ్ చేసుకున్న ప్రోగ్రామ్‌కు ఏ అధికారాలుంటే దానికీ అవే. సిస్టమ్32లో వేయాలంటే అడ్మిన్ అనుమతి ఇవ్వాలి. తర్వాత ఆ పేరు అడిగే ప్రతి ప్రోగ్రామ్‌కూ అదే అందుతుంది. ఎవరో తెలియని సైట్ ఇచ్చిన కోడ్‌కు ఇంత చనువు ఇస్తామా? ఇప్పటికే వేసేసి ఉంటే ఫైల్ ప్రాపర్టీస్‌లో డిజిటల్ సిగ్నేచర్స్ ట్యాబ్ చూడండి. ఎంఎస్‌వీసీపీ140కి అక్కడ మైక్రోసాఫ్ట్ సంతకం ఉండాలి. సంతకం ఉంటే ఫైల్ అసలుదని తెలుస్తుంది. పాతదా కొత్తదా అన్నది డీటెయిల్స్ ట్యాబ్‌లో చూడాల్సిందే.

"విండోస్ మళ్లీ ఎక్కించండి"

ఎక్కించినా అదే ఎర్రర్ రావచ్చు. డీ3డీఎక్స్9_43.డీఎల్ఎల్ విండోస్ 10లో గానీ 11లో గానీ ముందే ఉండదు. డైరెక్ట్ఎక్స్ 12 ఉన్నా సరే, పాత గేములు అడిగే ఆ ఫైల్ జూన్ 2010 నాటి డైరెక్ట్ఎక్స్ ఎండ్ యూజర్ రన్‌టైమ్‌తో రావాలి. ఎస్ఎఫ్‌సీ స్కాన్‌నౌ అనే రిపేర్ కమాండ్ కూడా విండోస్ సొంత ఫైళ్లనే బాగుచేస్తుంది. యూసీఆర్‌టీబేస్ లాంటి విండోస్ సొంత లైబ్రరీ చెడితే దానికి అది సరైన మందే. యాంటీవైరస్ తాను అనుమానించిన ఫైళ్లను పక్కన పెట్టే క్వారంటైన్ కూడా ఓసారి చూడండి, ఫైల్ అందులోనే ఉండొచ్చు.

లినక్స్ వాళ్లు నవ్వుకోనక్కర్లేదు, వాళ్లకీ ఇలాంటి చిట్కా ఒకటుంది. ఉబుంటు 22.04లో ఓపెన్ఎస్ఎస్ఎల్ అనే ఎన్‌క్రిప్షన్ సాఫ్ట్‌వేర్‌కు చెందిన లిబ్ఎస్ఎస్ఎల్.ఎస్ఓ.1.1 దొరకలేదంటే, ఉన్న లిబ్ఎస్ఎస్ఎల్.ఎస్ఓ.3కి ఆ పేరుతో సిమ్‌లింక్ (షార్ట్‌కట్ లాంటిది) వేసేయమంటారు. చివర ఉన్న 1.1, 3 అన్నవి అలంకారానికి కాదు. ఈ రెంటి మధ్య పొత్తు కుదరదని చెప్పడానికే ఆ అంకె మారుస్తారు. లింక్ వేస్తే "ఫైల్ లేదు" అన్న ఎర్రర్ పోయి "ఓపెన్ఎస్ఎస్ఎల్_1_1_0 వెర్షన్ లేదు" అన్నది వస్తుంది. ముందు కావాల్సిన లైబ్రరీల జాబితా చూపే ఎల్‌డీడీ కమాండ్‌ను ఆ ప్రోగ్రామ్ మీద నడిపి, నాట్ ఫౌండ్ అని ఎన్ని లైన్లు ఉన్నాయో చూడండి. డిస్ట్రోలో, అంటే మీరు వాడే ఉబుంటు లాంటి లినక్స్ రకంలో ఉన్న లైబ్రరీలైతే ప్యాకేజీ మేనేజర్‌తో తెచ్చుకోండి. 1.1 లాంటి పాతదైతే ప్రోగ్రామ్ చేసినవాళ్ల దగ్గర 3కి కట్టిన కొత్త బిల్డ్ ఉందేమో చూడండి, ఎందుకంటే ఓపెన్ఎస్ఎస్ఎల్ 1.1.1కి ఉచిత సపోర్ట్ 2023 సెప్టెంబర్‌లోనే ముగిసింది.