జామ్ గట్టు తగాదా

కేకులో జామ్ ఎక్కడుండాలన్నది చిల్లర విషయమని కొందరు అనుకుంటారు. ఆస్ట్రియా న్యాయవ్యవస్థ పట్ల ఇంతటి అగౌరవం తగదు.

ఆస్ట్రియా రాజధాని వియన్నావారి సాఖర్ టోర్టె సామాన్యమైన పిండివంట కాదు. 1832లో ఆస్ట్రియా విదేశాంగ మంత్రి మెటర్నిక్ ప్రభువు ఇంట విందు జరిగే వేళకు పెద్ద వంటవాడు మంచం పట్టాడనీ, పదహారేళ్ల శిష్యుడు ఫ్రాంజ్ సాఖర్ దీన్ని సృష్టించాడనీ సాఖర్ ఇంటివారి కథనం. చాక్లెట్ కేకు, ఆప్రికాట్ జామ్, పైన నిగనిగలాడే చాక్లెట్ పూత, పక్కన చక్కెర వేయని గిలక్కొట్టిన మీగడ. ఆ మీగడే లేకపోతే ముక్క గొంతు దిగడం కష్టం. ఈ మాట వియన్నాలో పైకి అనకూడదు.

ఫ్రాంజ్ కొడుకు ఎడ్వర్డ్, డెమెల్ అనే మిఠాయి దుకాణంలో పని నేర్చుకుని, 1876లో హోటల్ సాఖర్ పెట్టాడు. 1934లో హోటల్ దివాలా తీసింది. ఫ్రాంజ్ మనవడు, అతనూ ఎడ్వర్డే, కేకు హక్కును డెమెల్‌కు అప్పగించాడు. హోటల్ కొత్త యజమానులు ఊరుకుంటారా? అసలుది మాదేనన్నారు. మన ఊళ్లలో పొలం గట్టు జానెడు జరిగితే ఏమవుతుందో, అక్కడా అదే అయింది.

1954లో వ్యాజ్యం మొదలైంది. అప్పటికి వియన్నా ఇంకా రెండో ప్రపంచ యుద్ధం గెలిచిన నాలుగు దేశాల సైన్యాల అధీనంలో ఉంది. మరుసటి ఏడాది సైన్యాలు వెళ్లిపోయాయి. కేసు మాత్రం కదల్లేదు. ఎలా కదులుతుంది? కేకును అడ్డంగా కోసి నడుమ కూడా జామ్ రాయాలని హోటల్ వాదన. పూత కింద ఒక్క పొర చాలునని డెమెల్ వాదన. వెన్న వాడాలా, వెన్నకు బదులు నూనెలతో చేసే మార్గరిన్ వాడవచ్చా అన్నది మరో గహనమైన ధర్మసందేహం.

ఇదే మెటర్నిక్ ఇదే నగరంలో ఐరోపా పటాన్ని తిరగ్గీసిన మహాసభ 1815లో తొమ్మిది నెలలకే ముగిసింది. జామ్ సరిహద్దుకు తొమ్మిదేళ్లు పట్టింది. ఏది లోతైన సమస్యో దీన్నిబట్టే తెలుస్తుంది. చివరికి 1963లో రాజీ కుదిరింది: 'ఒరిజినల్' అన్న బిరుదూ గుండ్రటి ముద్రా హోటల్‌కు, ఎడ్వర్డ్ పేరూ త్రికోణపు ముద్రా డెమెల్‌కు.

అయితే ఒప్పందంలో పెద్ద లొసుగు ఉండిపోయింది. ముద్ర గుండ్రమో త్రికోణమో చూడకుండా, జామ్ పొరలు లెక్కపెట్టకుండా, ఆకలేసిందని తినేసే బాధ్యతారహితులకు శిక్ష ఏమిటన్నది ఎక్కడా రాయలేదు. ఆస్ట్రియా పార్లమెంటు వెంటనే జోక్యం చేసుకోవాలి.