వియన్నా ఒపేరా కమ్మీకి వేలాడిన ఎర్ర మఫ్లర్ గారికి

అయ్యా మఫ్లర్ గారూ,

నిన్న రాత్రి తమరు చేసిన సత్కారానికి కాళ్లింకా పీకుతున్నాయి.

స్టేట్ ఒపేరాలో నిలబడి చూసేవాళ్ల రాజ్యాంగమంతా తమరి మీదే కదా నడిచేది. కమ్మీకి ఎవరి గుడ్డ ముందు కడితే చోటు వాళ్లది. అందుకే ఆ చెల్లో వాయించే పిల్ల "ఇది నీ పక్కన కట్టవా, ప్లీజ్" అని తమరిని నా చేతిలో పెట్టగానే క్లాసు ఎగ్గొట్టి క్యూలో నిలబడ్డాను. షిల్లర్‌ప్లాట్జ్ ఆర్ట్ అకాడమీలో బొమ్మలు నేర్చుకునేవాడికి ఒపేరా నాలుగడుగులే. ఆ పిల్ల మ్యూజిక్ కాలేజీ మూడో జిల్లాలో ఉంది మరి. కమ్మీ మీద జాగా చాలక నా స్కార్ఫ్ కొస, తమరి కొస కలిపి ముడేశాను. మా పెళ్లిళ్లలో కొంగుముడి ఇలాగే వేస్తారు. అప్పుడైనా నోరు విప్పారా? ఒంటికి పట్టిన ఆ వాల్వ్ ఆయిల్ కంపే హింటనుకోమంటారా? అది బాకాలకి వేసే నూనె, తీగల వాయిద్యం చెల్లోకి వాల్వులెక్కడివి!

తెర లేచే ముందు వచ్చింది హార్న్ అనే బాకా వాయించే ఆరడుగుల కుర్రాడు. తమరు వాడి మఫ్లరట. ఆమెకు రిహార్సల్ ఉందట, అసలు రాదట. "నువ్వు చాలా మంచివాడివని రోజూ చెబుతుంది" అన్నాడు.

ఆడుతున్నది వాగ్నర్ ప్రేమకథ 'ట్రిస్టాన్ ఉండ్ ఇసోల్డే'. విరామాలతో కలిపి ఐదు గంటలు. రెండో అంకం మొదట్లో తెరవెనక వేట కొమ్ములు మోగగానే నా మోచెయ్యి పట్టుకుని ఊపేశాడు. విరామంలో చరిత్ర పాఠం. 1860ల్లో ఈ ఊళ్లోనే దీనికి 70కి పైగా రిహార్సల్స్ చేసి, మావల్ల కాదని వదిలేశారట. చివరికి 1865లో మ్యూనిక్‌లో ఆడిందట. వియన్నాలో ప్రేమ వ్యవహారాల ఆనవాయితీ అదన్నమాట! ఆఖర్న ఇసోల్డే ప్రాణం పోతుంటే నా భుజం మీద వాలి వెక్కి వెక్కి ఏడ్చాడు. ఏం చేస్తాను, కర్చీఫ్ ఇచ్చాను. తిరిగివ్వలేదు.

ఎదురుగా ఆ సబ్‌టైటిల్ స్క్రీన్ ఒకటి. ఇసోల్డే గుండెలో మాటంతా చదివి పెడుతుంది, చెల్లో పిల్ల మాటకి మాత్రం ఒక్క లైనూ వెయ్యదు.

తమరేమో అంతా అయ్యాక వాడి మెడకెక్కి దర్జాగా మెట్రో మెట్లు దిగిపోయారు. సిగ్గుండక్కర్లా? గుడ్డపీలికవి, నువ్వు ఎవడి తాలూకో ముందే చెప్పి చావొచ్చుగా!

పొద్దున్నే మెసేజ్ వచ్చింది. "వాడికి నువ్వు భలే నచ్చావు. గురువారం ఇద్దరం వస్తున్నాం, రెండు మఫ్లర్లు కట్టవా?" పక్కనే ఎర్ర హార్ట్.

ఆ హార్ట్‌కి విడిగా రాస్తున్నాను.

ఇట్లు,
చాలా మంచివాడు