బెర్సీ పోతే పోయింది, ఆ ఒక్క వారం మాత్రం పోకూడదు

పారిస్‌లో టెన్నిస్ అనగానే మనవాళ్ళకి ఎర్రమట్టి, ఎండ, నాదల్ తప్ప ఇంకేం గుర్తురాదు. కానీ ఆ ఊళ్ళో ఇంకో పెద్ద టోర్నీ కూడా ఉంది, మన దగ్గర కార్తీక దీపాలు వెలిగే రోజుల్లో, ఊరంతా స్వెట్టర్లేసుకుని తిరిగే టైమ్‌లో, పైకప్పు కింద లైట్ల వెలుగులో జరిగే పారిస్ మాస్టర్స్, మగవాళ్ళ టెన్నిస్‌లో గ్రాండ్‌స్లామ్‌ల తర్వాతి స్థాయిలో ఉండే తొమ్మిది మాస్టర్స్ టోర్నీల్లో ఒకటి. దీని చరిత్ర గురించి ఇప్పుడు రాయడానికి కారణం ఉంది. 2025లో ఈ టోర్నీ దాదాపు నలభై ఏళ్ళ పాత ఇల్లు ఖాళీ చేసి కొత్తింటికి మారింది, ఇంకోపక్క టెన్నిస్ క్యాలెండర్‌ని ఎడాపెడా సాగదీస్తున్నారు, ఆ సాగదీతలో దీన్ని కూడా కలిపేస్తారేమో అని మా భయం.

ఇప్పుడున్న రూపంలో ఇది మొదలైంది 1986లో. వేదిక బెర్సీ, పారిస్‌కి తూర్పువైపు సీన్ నది ఒడ్డున ఒకప్పుడు వైన్ గోడౌన్‌లు ఉన్న పేట. అక్కడ 1984లో కట్టిన ఇండోర్ స్టేడియం, వాలుగా ఉండే గోడల మీద గడ్డి పెంచి చూడ్డానికి చిన్న పచ్చటి గుట్టలా ఉంటుంది. మొదటి ఏడాది బోరిస్ బెకర్ గెలిచాడు, తర్వాత 1989, 1992లో కూడా ఆయనే. అప్పట్లో కోర్టు మీద కార్పెట్ పరిచేవాళ్ళు, అవును నిజంగా కార్పెట్టే, బంతి జారినట్టు వెళ్ళిపోయేది, గట్టి సర్వీస్ ఉన్నవాడికి పండగే. ఆ కార్పెట్ 2006 వరకే. ఐదు సెట్ల ఫైనల్ కూడా ఆ ఏడాదితోనే పోయింది. 2000లో మరాట్ సఫిన్, ఫిలిప్పూసిస్ ఫైనల్ ఐదో సెట్ టైబ్రేక్ దాకా వెళ్ళింది, అలాంటివి ఇప్పుడు ఆ కోర్టులో చూద్దామన్నా కుదరదు, అది మాకు కొంచెం బాధే, కానీ సీజన్ చివర్లో అన్ని గంటలు ఆడించడం న్యాయం కాదని కూడా ఒప్పుకోవాలి.

ఫ్రెంచ్ వాళ్ళకి ఇది ఎంత ముఖ్యమో 1991 చూస్తే తెలుస్తుంది. గీ ఫోర్జే ఐదు సెట్ల ఫైనల్‌లో పీట్ సంప్రాస్‌ని ఓడించాడు, కొన్ని వారాలకే లియాన్‌లో, దేశాల జట్లు ఆడే డేవిస్ కప్ ఫైనల్‌లో మళ్ళీ అదే సంప్రాస్‌ని ఓడించి కప్పు ఫ్రాన్స్‌కి తెచ్చాడు. అదే ఫోర్జే తర్వాత్తర్వాత ఈ టోర్నీకి డైరెక్టర్ కూడా అయ్యాడు. 2001లో గ్రోజాన్, 2008లో సోంగా, ఆ తర్వాత సొంతూరి ట్రోఫీ సొంతవాళ్ళకి దక్కలేదు. మోంఫిస్ వరుసగా రెండేళ్ళు ఫైనల్‌కి వచ్చి ఓడిపోయాడు, 2024లో ఉంబెర్ వచ్చి జ్వెరెవ్ చేతిలో చిత్తయ్యాడు. సోంగా గెలిచిన ఏడాది విషయం ఇంకోటుంది, ఆ గెలుపుతోనే అతనికి ఏడాది చివరి టాప్ ఎనిమిది మంది టోర్నీకి టికెట్ దొరికింది. ప్రతి ఏడాదీ ఈ లెక్క ఉంటుంది, ఆ ఎనిమిది సీట్లలో చివరి ఒకటో రెండో ఇక్కడే తేలుతుంటాయి, క్వార్టర్‌ఫైనల్ ఆడేవాడు ఒక కన్ను పక్క కోర్టు స్కోర్ మీద వేసుకుని ఆడతాడు.

ఇక దీని మీద ఎప్పుడూ వినే కంప్లెయింట్, ఇది అలసిపోయినవాళ్ళ టోర్నీ అని, పెద్దవాళ్ళు రారు, వచ్చినా మనసుపెట్టి ఆడరు, అందుకే ఎవడు పడితే వాడు గెలిచేస్తాడు అని. మొదటి సగం నిజమే. రోలాండ్ గారోస్‌ని, అంటే ఎర్రమట్టి మీద జరిగే ఫ్రెంచ్ ఓపెన్‌ని, 14 సార్లు గెలిచిన నాదల్ అదే ఊళ్ళో ఈ ట్రోఫీ ఒక్కసారి కూడా ఎత్తలేదు, 2007లో ఫైనల్‌కి వస్తే నాల్బాండియన్ 6-4, 6-0తో పంపించేశాడు. ఫెదరర్‌కి 2011లో ఒకే ఒక్కటి. అల్కరాజ్ అయితే 2025లో ఆడిన మొదటి మ్యాచ్‌లోనే కామెరాన్ నోరీ చేతిలో ఓడి ఇంటికెళ్ళాడు. కానీ రెండో సగం తప్పు, పూర్తిగా తప్పు. ఎవడు పడితే వాడు గెలిచే టోర్నీ అయితే జొకోవిచ్ ఏడుసార్లు ఎలా గెలిచాడు? ఇంకెవరూ దరిదాపుల్లో కూడా లేరు, తర్వాత ఉన్నది మూడేసి సార్లు గెలిచిన బెకర్, సఫిన్‌లే.

మా ఉద్దేశంలో ఆ అలసటే ఈ టోర్నీకి అసలు రుచి. 2012 సంగతి చూడండి. యెర్జీ యానోవిచ్ అని పోలండ్ కుర్రాడు, ర్యాంక్ 69, ఆ ఏడాది మొదట్లో ఆస్ట్రేలియా వెళ్ళడానికి డబ్బుల్లేక ఆగిపోయినవాడు, క్వాలిఫయింగ్ ఆడి మెయిన్ డ్రాలోకి వచ్చి, అప్పుడే ఒలింపిక్ గోల్డ్, యూఎస్ ఓపెన్ కొట్టి ఊపు మీదున్న ఆండీ ముర్రేని మ్యాచ్ పాయింట్ కాచుకుని మరీ ఓడించి ఫైనల్ దాకా పోయాడు. ఫైనల్‌లో అతన్ని ఆపింది డేవిడ్ ఫెర్రర్, 30 ఏళ్ళ వయసు, జీవితంలో ఒకే ఒక్క మాస్టర్స్ టైటిల్ అది. ఆ ఫెర్రర్ ముందు వారమే వలెన్సియాలో టోర్నీ గెలిచి రైలు దిగినట్టు దిగి ఇక్కడ ఆడాడు! అలసట అనేది అందరికీ ఒకేలా ఉండదు, దాన్ని మోయడం కూడా ఒక ఆటే. పదేళ్ళ తర్వాత 2022లో 19 ఏళ్ళ హోల్గర్ రూనె మొదటి రౌండ్‌లోనే వావ్రింకా మీద మ్యాచ్ పాయింట్లు కాచుకుని, అక్కడినుంచి ఒకే వారంలో టాప్ 10లో ఉన్న ఐదుగురిని దాటాడు, ఆఖరివాడు జొకోవిచ్. జనవరిలో ఫ్రెష్‌గా ఉన్న జొకోవిచ్ దగ్గర ఆ పప్పులు ఉడికేవా అంటే మాకు డౌటే.

మనవాళ్ళ సంగతి చెప్పకపోతే అన్యాయం. 1998లో పేస్, భూపతి ఇక్కడ డబుల్స్ గెలిచారు. 2011లో రోహన్ బోపన్న పాకిస్తాన్ ఆటగాడు ఖురేషీతో కలిసి గెలిచాడు, 2012లో భూపతితో కలిసి మళ్ళీ గెలిచాడు, అవతల ఫైనల్‌లో ఉన్నది అదే ఖురేషీ. ఆ 2012లోనే కదా లండన్ ఒలింపిక్స్ ముందు పేస్‌తో ఆడం అని భూపతి, బోపన్న మొండికేస్తే, మన హైదరాబాద్ కుర్రాడు విష్ణువర్ధన్‌ని పేస్‌కి జోడీగా పంపారు. ఆ గొడవకి అప్పట్లో పేపర్లు పేజీలకి పేజీలు ఇచ్చాయి, నవంబర్‌లో పారిస్ టైటిల్‌కి మాత్రం స్పోర్ట్స్ పేజీలో ఓ మూల కొన్ని లైన్లే. పేపర్ వాళ్ళుగా ఆ తప్పులో మాకూ వాటా ఉంది. బోపన్న 45 ఏళ్ళ వయసులో చివరి మ్యాచ్ ఆడింది కూడా ఈ టోర్నీలోనే, 2025లో బుబ్లిక్‌తో కలిసి. ఓడిపోయి, నవంబర్ 1న రిటైర్‌మెంట్ చెప్పేశాడు.

ఆ మ్యాచ్ జరిగింది బెర్సీలో కాదు, పారిస్‌కి పడమర నాంటేర్‌లో ఉన్న లా డిఫాన్స్ అరెనాలో. రగ్బీ క్లబ్ రేసింగ్ 92 సొంత గ్రౌండ్, 2024 ఒలింపిక్స్‌కి లోపల స్విమ్మింగ్ పూల్ పెట్టింది కూడా అక్కడే. సెంటర్ కోర్టులోనే 17 వేల పైచిలుకు జనం పడతారు. బెర్సీ మీద ప్రేమతో కొందరు గొణుగుతున్నారు గానీ మేం వాళ్ళతో లేం. బెర్సీలో సెంటర్ కోర్టు బాగుండేది నిజమే, పక్క కోర్టులు మాత్రం ఇరుకు, మంచి మ్యాచ్ అక్కడ పడితే కూర్చునే చోటుండేది కాదు. ఇల్లు మారడం తప్పు కాదు, సిన్నర్ అక్కడ మొదటి ఏడాదే గెలిచి అల్కరాజ్ నుంచి నంబర్ వన్ లాక్కున్నాడు కాబట్టి గృహప్రవేశం కూడా బానే జరిగింది.

మా గొడవ అది కాదు, రోజులు. తొమ్మిది మాస్టర్స్ టోర్నీల్లో ఏడింటిని ఇప్పటికే పన్నెండు రోజులకి సాగదీశారు, వారంలో ముగిసేవి మాంటే కార్లో, పారిస్ మాత్రమే. పైగా సౌదీలో పదో మాస్టర్స్ అని 2025 అక్టోబర్‌లో ప్రకటించారు, 2028 నుంచి మొదలవ్వచ్చట. ఆటగాళ్ళేమో ఒళ్ళు హూనమైపోతోంది అంటుంటే, టూర్ నడిపేవాళ్ళు ఇంకో టోర్నీ కలుపుతున్నారు! కొత్త అరెనాలో సీట్లు ఎక్కువ, అమ్మడానికి టికెట్లు ఎక్కువ, ఇంకో ఐదు రోజులు పెంచుదాం అనే ఆలోచన ఎవరికో ఒకరికి రాకమానదు. 2025లో పారిస్ ఫైనల్ నవంబర్ 2న, టురిన్‌లో ఆ టాప్ ఎనిమిది మంది ఫైనల్స్ టోర్నీ మొదలైంది 9న, ఆ తర్వాత బొలోన్యాలో డేవిస్ కప్. ఇందులో ఐదు రోజులు ఎక్కడినుంచి తెస్తారు? ముందుకి జరిపితే షాంఘై మాస్టర్స్ తర్వాత ఇండోర్ సీజన్‌లో మిగిలిన చిన్న టోర్నీల నెత్తిన పడుతుంది, యూరప్‌లో వియన్నా, బాసెల్ లాంటివి. మగవాళ్ళ టూర్ నడిపే ఏటీపీ ఏదైనా కొయ్యాలనుకుంటే ముందు ఆ పన్నెండు రోజుల వాటిని కొయ్యనీ, పారిస్‌కి సోమవారం నుంచి ఆదివారం వరకు ఆ ఏడు రోజులు చాలు.